పైసల లెక్క వేరు, పోలీసు కేసు వేరు

(పోయిన ఆదివారం సాయంత్రం క్యాంపు మెస్ హాల్లో మన సూపర్‌వైజర్ అన్న మాట్లాడిన మాటలు ఇవి. డ్యూటీలో ఉండి రాలేకపోయినవాళ్ళ కోసం రాయించి గ్రూపులో పెడుతున్నాం. ఓపికగా చదవండి. ఇంటి దగ్గర ఉన్నవాళ్ళకు కూడా పంపండి.)



వంట పొయ్యి మీద పెట్టి వచ్చినవాళ్ళు ఉన్నారు, రేపు పొద్దున నాలుగింటికే బస్సు ఎక్కాల్సినవాళ్ళు ఉన్నారు. అందుకే సుత్తి లేకుండా చెప్తాను. ముందే ఒక మాట. నేను వకీలును కాదు. పదో తరగతి చదివి దుబాయ్ వచ్చినవాణ్ణి. హెల్పర్‌గా మొదలుపెట్టి, ఫోర్‌మన్ అయ్యి, ఇప్పుడు సూపర్‌వైజర్‌గా చేస్తున్నా. ఇన్నేళ్ళల్లో మనోళ్ల వెంట దవాఖానకు, పోలీస్ స్టేషన్‌కు, కోర్టుకు తిరిగి తిరిగి కొన్ని సంగతులు తెలిశాయి. తెలిసిన కాడికి చెప్తా. మీ కేసు మీదికి వచ్చినప్పుడు మాత్రం వకీలును అడగకుండా ఏ పనీ చేయొద్దు.

ఈ నెలలో గ్రూపులోకి రెండు మెసేజ్‌లు వచ్చాయి. ఒక తమ్ముడు ఇట్లా రాశాడు: "మా బావ పికప్ డ్రైవర్. యాక్సిడెంట్‌లో మనిషి పోయాడు. ఇన్సూరెన్స్ వాళ్ళు పైసలు కట్టడానికి ఒప్పుకున్నారు. అయినా మా బావను ఇంకా వదలట్లేదు. ఎందుకు?" ఇంకో అన్న రాశాడు: "మా తమ్ముణ్ణి బండి గుద్దింది. దవాఖానలో ఉన్నాడు. డ్రైవర్ తాలూకు వాళ్ళు వచ్చి సంతకం పెట్టు, కేసు తీసేసుకో అంటున్నారు. పెట్టమంటారా?"

ఒకరు గుద్దినవాళ్ళ దిక్కు, ఇంకొకరు దెబ్బ తిన్నవాళ్ళ దిక్కు. కాని ఇద్దరికీ పీటముడి ఒక్క కాడనే పడ్డది. పైసలు ఇస్తే కేసు పోతుందని ఒకరు అనుకున్నారు. కేసు తీసుకుంటే పైసలు కూడా పోతాయో ఏమో తెలియక ఇంకొకరు భయపడుతున్నారు.

ఈ రోజు నేను చెప్పేది ఒక్కటే. ఒక్క యాక్సిడెంట్ అయితే రెండు లెక్కలు తెరుచుకుంటాయి. ఒకటి పైసల లెక్క. రెండోది ప్రభుత్వం పెట్టే కేసు. ఒకటి మూసినంత మాత్రాన రెండోది దానంతట అది మూసుకోదు.

*రెండు లెక్కలు ఎట్లా అంటే*

మన సైటు మీద పని చూడండి. ఒకడు టూల్స్‌కు తాడు కట్టుకోకుండా పైకెక్కాడు. చేతిలోని స్పానర్ జారి కింద ఉన్నవాడి ఫోను మీద పడి పగిలింది. పైనున్నవాడు దిగొచ్చి, "తప్పయింది తమ్మీ, కొత్తది కొనిస్తా" అన్నాడు, కొనిచ్చాడు. ఇద్దరి మధ్య లొల్లి తీరిపోయింది. మరి సేఫ్టీ ఆఫీసర్ రాసిన వార్నింగ్ లెటర్ పోతుందా? పోదు. ఫోను నీకు, అతనికి మధ్య సంగతి. రూలు తప్పడం సైటు మొత్తానికి సంబంధించిన సంగతి. స్పానర్ నెత్తి మీద పడి ఉంటే ఏమయ్యేదని ఆఫీసర్ అడుగుతాడు.

ఇక్కడి కోర్టుల్లో కూడా అదే వరస. దెబ్బ తిన్న మనిషికి, చనిపోయిన మనిషి వారసులకు ఉన్న హక్కును హక్ ఖాస్ అంటారు. జనం అందరి తరఫున ప్రభుత్వానికి ఉన్న హక్కు హక్ ఆమ్. ఉర్దూ తెలిసినవాళ్ళకు ఈ మాటలు కొత్త కాదు. నీ హక్కును నువ్వు వదులుకోవచ్చు. దాని కోసం రాసే కాయితమే తనాజుల్. కాని ప్రభుత్వం హక్కును నువ్వు వదలలేవు. అది నియాబా చేతిలో, అంటే ప్రాసిక్యూషన్ వాళ్ళ చేతిలో, ఆ తర్వాత జడ్జి చేతిలో ఉంటుంది.

అట్లని తనాజుల్ ఊరికే కాయితం ముక్క అనుకోవద్దు. చిన్న దెబ్బలైతే, రెండు దిక్కులా రాజీ ఉంటే, కేసు అక్కడితో సర్దుకునే అవకాశం ఎక్కువ. మనిషి చనిపోయిన కేసులో కూడా వారసులు క్షమించారని తెలిస్తే జడ్జి శిక్ష తగ్గించవచ్చు. కాని తగ్గించి తీరాలని ఏమీ లేదు. తాగి నడిపితే, రెడ్ సిగ్నల్ దాటితే, ఎవరు క్షమించినా ప్రభుత్వం అంత తేలిగ్గా వదలదు.

*అందరికీ తెలిసిన ఒక కేసు*

2019 జూన్ 6న ఏమైందో పాతవాళ్ళకు గుర్తుండే ఉంటది. ఈద్ సెలవులు. మస్కట్ నుంచి దుబాయ్ వస్తున్న బస్సు రాషిదియా దగ్గర ఎత్తైన బండ్లు పోకుండా అడ్డం పెట్టిన ఇనుప కమ్మీకి గుద్దుకున్నది. 17 మంది చనిపోయారు. అందులో 12 మంది మన దేశం వాళ్ళు. నెల తిరిగేసరికి ట్రాఫిక్ కోర్టు తీర్పు చెప్పింది. డ్రైవర్‌కు ఏడేళ్ళ జైలు, 50,000 దిర్హాముల జరిమానా, చనిపోయినవాళ్ళ కుటుంబాలకు 34 లక్షల దిర్హాముల దియా. అది మొదటి కోర్టు తీర్పు.

34 లక్షలు ఎట్లా వచ్చాయి? ఈ దేశంలో ప్రమాదంలో చనిపోయిన మనిషికి చట్టం పెట్టిన దియా 2 లక్షల దిర్హాములు. 17 మందికి 34 లక్షలు. మన రూపాయల్లో ఒక్కొక్కరికి 40 లక్షల పైమాటే.

ఒకే తీర్పులో మూడు ముక్కలున్నాయి, చూశారా? జైలు, జరిమానా ప్రభుత్వం లెక్కలోవి. దియా వారసుల లెక్కలోది. దియా కట్టినందుకు జైలు మాఫీ కాలేదు.

ఆ బస్సులోనే తీవ్రంగా దెబ్బలు తగిలి బతికిన ఒక మన దేశం పిల్లగాడికి మొదట 10 లక్షల దిర్హాములు ఇవ్వాలన్నారు. వాళ్ళు కోర్టుకు పోతే 50 లక్షలైంది. ఆ సంగతి పేపర్లలో వచ్చింది 2023లో. అంటే డ్రైవర్ మీద తీర్పు వచ్చిన నాలుగేళ్ళకు. పైసల లెక్క దాని దారిన అది నడుస్తుందని చెప్పడానికి ఇంతకన్న మంచి ఉదాహరణ నా దగ్గర లేదు. చనిపోతే దియా ఇంత అని చట్టం చెప్తుంది. దెబ్బలకు మాత్రం అట్లా ఒకే రేటు ఉండదు. ఎంత నష్టం జరిగింది, మనిషి మళ్ళీ పని చేయగలడా లేడా, ఇవన్నీ చూసి కోర్టు లెక్క కడుతుంది.

*డ్రైవర్ అన్నలకు*

మన గ్రూపులో పికప్, ట్యాంకర్, క్యాంపు బస్సు, డెలివరీ బైకు నడిపేవాళ్ళు చాలామంది ఉన్నారు. మీకు నాలుగు మాటలు.

ఒకటి. రోడ్డు మీద రాజీ వద్దు. సైకిలోణ్ణి తగిలించి, కిందపడ్డవాడు లేచి నిలబడగానే చేతిలో 500 పెట్టి, "ఏం కాలేదులే భాయ్" అని వెళ్ళిపోతే, రాత్రికి వాడికి తల తిరిగి దవాఖానలో పడితే, నీ మీద పడేది యాక్సిడెంట్ కేసు ఒక్కటే కాదు. గుద్ది పారిపోయిన కేసు కూడా. 2025 మార్చి 29 నుంచి అమల్లోకి వచ్చిన కొత్త ట్రాఫిక్ చట్టంలో, మనుషులకు దెబ్బలు తగిలిన చోట ఆగకుండా పోతే రెండేళ్ళ దాకా జైలు, 50,000 నుంచి లక్ష దిర్హాముల దాకా జరిమానా, రెండూ గాని రెండిట్లో ఒకటి గాని ఉంటాయి. బండి ఆపు. 999కి ఫోన్ చెయ్. పోలీసులు వచ్చి రిపోర్టు రాసేదాకా అక్కడే ఉండు. నీ నిజాయితీకి అదే మొదటి సాక్ష్యం.

రెండు. మనిషి చనిపోతే అదే చట్టంలో జైలు గాని, 50,000 దిర్హాములకు తగ్గని జరిమానా గాని, రెండూ గాని పడతాయి. రెడ్ సిగ్నల్ దాటి, తాగి, సస్పెండ్ అయిన లైసెన్స్‌తో, వరద పారే వాదిలో బండి దింపి మనిషిని చంపితే లెక్క ఇంకా పెద్దది. ఏడాదికి తగ్గకుండా జైలు, లక్షకు తగ్గకుండా జరిమానా దాకా పోతుంది.

మూడు. "ఇన్సూరెన్స్ ఉంది కదా" అనే ధైర్యం ఎంతవరకో తెలుసుకోండి. దెబ్బ తిన్నవాళ్ళకు పైసలు ఇన్సూరెన్స్ కంపెనీ కడుతుంది, నిజమే. కాని తాగి నడిపావనో, ఆ బండికి సరిపోయే లైసెన్స్ లేదనో తేలితే, కట్టిన పైసలు నీ దగ్గర వసూలు చేయడానికి ఆ కంపెనీ నీ మీదికే వస్తుంది. అప్పుడు నీ జీతం ఎన్నేళ్ళది పోతుందో లెక్క పెట్టుకో. బాస్ చెప్పాడని హెవీ లైసెన్స్ లేకుండా ట్యాంకర్ ఎక్కే తమ్ముళ్ళు ఈ మాట రాసి పెట్టుకోండి. కేసు రోజున బాస్ పేరు ఉండదు, స్టీరింగ్ పట్టుకున్నవాడి పేరే ఉంటది.

నాలుగు. కేసు నడిచినన్ని రోజులు పాస్‌పోర్టు వాళ్ళ దగ్గరే ఉండొచ్చు, ఊరికి పోవడం కుదరకపోవచ్చు. ఇన్సూరెన్స్ వాళ్ళు కట్టారు కదా, అయిపోయిందిలే అని తారీఖుకు పోకుండా రూములో కూర్చోకండి. పేరు పిలిచినప్పుడు లేకపోతే నీ లేనప్పుడే తీర్పు పడుతుంది. బావ గురించి అడిగిన తమ్ముడికి నా జవాబు ఇదే. ఇన్సూరెన్స్ పైసలు వారసుల లెక్క తీర్చాయి. ప్రభుత్వం కేసు ఇంకా తెరిచే ఉంది. వారసులు మనస్ఫూర్తిగా తనాజుల్ ఇస్తే దాన్ని వకీలు ద్వారా కోర్టులో పెట్టుకోండి. అది బావకు తోడు వస్తుంది. కాని విడుదల కాయితం అదే అని మాత్రం అనుకోకండి.

*దెబ్బ తిన్నవాళ్ళకు*

ఇప్పుడు రెండో అన్న సంగతి. రెండేళ్ళ కింద మా సైటు మేస్త్రి ఒకడికి సరిగ్గా ఇదే జరిగింది. క్యాంపు ముందర రివర్స్ తీస్తున్న పికప్ గుద్ది తొడ ఎముక విరిగింది. రాడ్డు వేశారు. మూడో రోజు పండ్ల సంచి పట్టుకుని ఇద్దరు వచ్చారు. ఒకడు డ్రైవర్, బంగ్లాదేశ్ పిల్లగాడు, కళ్ళల్లో నీళ్ళు. ఇంకొకడు అతని కంపెనీ మనిషి. కవర్లో 1,500 దిర్హాములు, అరబ్బీలో టైపు చేసిన ఒక కాయితం. "ఇది డ్రైవర్‌ను కాపాడటానికి మాత్రమే భాయ్, ఇంకేం లేదు" అన్నాడు కంపెనీ మనిషి.

మేస్త్రికి జాలి కలిగింది. పెన్ను కూడా పట్టుకున్నాడు. నేను ఆగమన్నా. ఫోటో తీసి మా సైటు ఆఫీసులో ఉన్న సూడాన్ ఇంజనీరుకు పంపా. ఆయన చదివి ఫోన్ చేశాడు. పైన డ్రైవర్ గురించే ఉందట. ఆఖరి వరసలో మాత్రం, ఈ ప్రమాదానికి సంబంధించి ఇప్పుడున్నవి, ఇక ముందు వచ్చేవి, క్రిమినల్, సివిల్ అన్ని హక్కులూ వదులుకుంటున్నానని ఉందట. మొత్తం కాయితానికి ఆ ఒక్క వరసే ముఖ్యం. డ్రైవర్ కన్నీళ్ళు నిజమైనవే. కాయితం రాసినవాడి ఆలోచన వేరు.

మేము కాయితం మార్చమన్నాం. డ్రైవర్‌ను శిక్షించాలని నాకు లేదు, ఆ మేరకు నా ఫిర్యాదు వదులుకుంటున్నా, బండి ఇన్సూరెన్స్ నుంచి నాకు రావాల్సిన నష్టపరిహారం హక్కు మాత్రం నాకే ఉంది, అని రాయించాం. కంపెనీ మనిషి గొణిగాడు. డ్రైవర్‌కు హిందీలో చెప్తే వెంటనే తలూపాడు. ఎందుకంటే ఆ పైసలు అతని జేబులోంచి పోయేవి కావు. తర్వాత డ్రైవర్ జరిమానాతో బయటపడ్డాడు. మేస్త్రికి పరిహారం రావడానికి ఏడాది దాటింది, కాని వచ్చింది. ఆ రోజు 1,500 తీసుకుని సంతకం పెట్టి ఉంటే, కాలులోని రాడ్డు తీయించుకునే ఆపరేషన్‌కు కూడా చాలేది కాదు.

అన్నలారా, ఇది బాగా పట్టుకోండి. డ్రైవర్‌ను క్షమించడం ఒక మాట. పరిహారం వదులుకోవడం ఇంకో మాట. డ్రైవర్ కూడా మనలాంటి పేదోడే, అతను జైలుకు పోతే మనకు వచ్చేదేముంది అనిపిస్తే క్షమించండి. అది మీ మనసు. కాని ఆ దయతో మీ పిల్లల తిండిని ఇన్సూరెన్స్ కంపెనీకి దానం చేయకండి. వాళ్ళు ప్రీమియం తీసుకున్నది ఇట్లాంటి రోజు కోసమే.

సంతకం పెట్టేముందు ఇవి చూసుకోండి.

1. కాయితం ఏ భాషలో ఉన్నా, నీకు తెలిసిన భాషలో ఎవరైనా చదివి వినిపించాలి. చదివేవాడు అవతలి పార్టీ మనిషి కాకూడదు.

2. "అన్ని హక్కులూ", "సివిల్", "ఇక ముందు" అనే మాటలు ఎక్కడున్నా ఆగిపో.

3. వైద్యం పూర్తికాకముందు పైసల రాజీ చేసుకోవద్దు. నీ శరీరానికి శాశ్వతంగా ఎంత శాతం నష్టం జరిగిందో మెడికల్ రిపోర్టు వచ్చాకనే తెలుస్తుంది. అది తెలియకుండా బేరమాడటం అంటే తూకం వేయకుండా వడ్లు అమ్ముకోవడమే.

4. పైసలు ముట్టాయి అని కాయితంలో ఉంటే, ముట్టాకనే సంతకం. "రేపు బ్యాంకులో వేస్తాం" అంటే సంతకం కూడా రేపే.

5. మందుల మత్తులో, ఆపరేషన్ అయిన రోజున, ఒంటరిగా ఉన్నప్పుడు సంతకం పెట్టొద్దు. "మా సూపర్‌వైజర్ వచ్చాక" అని చెప్పు. నన్ను పిలువు, లేదంటే గ్రూపులో ఎవరినైనా పిలువు.

6. పెట్టిన ప్రతి కాయితం ఫోటో నీ ఫోన్‌లో, ఇంకొకటి ఊర్లో ఇంట్లోవాళ్ళ ఫోన్‌లో ఉండాలి.

*ఇంటి దగ్గర ఉన్నవాళ్ళకు*

ఇది చెప్పడం నాకు కష్టం, మీకు వినడం కష్టం. కాని చెప్పాలి. మనలో ఒకడు పోతే, ఈ కాయితాలు ఊర్లో ఉన్న ఆడబిడ్డ ముందుకు వస్తాయి.

మా దిక్కు చెల్లె ఒకామె, భర్త ఇక్కడ డ్యూటీ నుంచి నడిచి వస్తుంటే నీళ్ళ ట్యాంకర్ గుద్ది చనిపోయాడు. శవం ఊరికి చేరిన వారానికే ఫోన్ మీద ఫోన్. "నువ్వు క్షమించానని సంతకం పెడితే డ్రైవర్ బయటికి వస్తాడమ్మా, అతనికి నలుగురు పిల్లలు" అని. ఆమె నాకు ఫోన్ చేసింది. "అన్నా, ఆయన పిల్లల సంగతి చెప్తుండ్రు, నా పిల్లల సంగతి ఎవరు చెప్తరు?" అని అడిగింది. నా దగ్గర జవాబు లేదు. కొంచెంసేపు ఆగి మళ్ళీ అడిగింది. "ఆ డ్రైవర్ తాగిండా?" తాగలేదు చెల్లె, పదహారు గంటల డ్యూటీ చేసి నిద్రలో తూగాడట అని చెప్పాను. "మా ఆయన కూడా గట్లనే డ్యూటీ చేసెటోడు" అన్నది.

క్షమించు అని నేను చెప్పలేదు, క్షమించకు అని కూడా చెప్పలేదు. ఆ మాట చెప్పే హక్కు నాకు లేదు, మీకూ లేదు. నేను చెప్పింది ఒక్కటే. నువ్వు ఏం చేసినా దియా సంగతి వేరుగా రాయించుకో. ఆమె పది రోజులు ఆలోచించింది. శిక్ష తగ్గిస్తే నాకు అభ్యంతరం లేదు, దియా మాత్రం నాకు, పిల్లలకు, మా అత్తమామలకు రావాలి అని రాసి ఇచ్చింది. కోర్టు డ్రైవర్‌ను పూర్తిగా వదలలేదు, శిక్ష తగ్గించింది. దియా వచ్చింది. ఆమె చేసిందే అందరూ చేయాలని కాదు. తెలిసి చేసింది, అది ముఖ్యం.

ఇంట్లోవాళ్ళు చూసుకోవాల్సినవి ఇవి. వారసులు ఎవరెవరో తహసీల్దార్ ఆఫీసు నుంచి కుటుంబ సభ్యుల సర్టిఫికెట్ తీసుకోవాలి. భార్య, పిల్లలు, తల్లిదండ్రులు అందరి పేర్లు అందులో ఉండాలి. ఆధార్‌లో, పాస్‌పోర్టులో, సర్టిఫికెట్‌లో పేరు ఒకే తీరుగా ఉండాలి. ఇంటిపేరు ఒకచోట ముందు, ఒకచోట వెనక ఉంటే ఇక్కడ నెలలు ఆగుతుంది. అన్న సంతకం పెడితే వదిన పెట్టినట్టు కాదు, ఎవరి హక్కు వాళ్ళదే.

ఇక్కడ కేసు చూడటానికి ఎవరికైనా పవర్ ఆఫ్ అటార్నీ ఇవ్వాలి. దానికి ఊర్లో నోటరీ, రాష్ట్ర ప్రభుత్వం ముద్ర, విదేశాంగ శాఖ ముద్ర, ఢిల్లీలో ఎమిరేట్స్ ఎంబసీ ముద్ర, ఇక్కడికి వచ్చాక ఇక్కడి విదేశాంగ శాఖ ముద్ర, అరబ్బీ అనువాదం, ఇన్ని మెట్లు ఉంటాయి. ఇన్ని మెట్లు ఎక్కి ఇచ్చే పవర్‌ను ముక్కూ మొహం తెలియని ఏజెంట్‌కు ఇవ్వకండి. కేసు నడిపే అధికారం, పైసలు తీసుకునే అధికారం, రాజీ పడే అధికారం, ఈ మూడూ వేరు. మొదటిది మాత్రమే ఇవ్వొచ్చు. పైసలు వారసుల ఖాతాలోకే రావాలని రాయించండి. మన కాన్సులేట్ ద్వారా వచ్చే మరణ పరిహారం సొమ్ము జిల్లా కలెక్టర్ ఆఫీసు ద్వారా వారసులకు అందించే పద్ధతి కూడా ఉంది.

ఇంకొకటి. డ్రైవర్‌కు తనాజుల్ ఇచ్చినందుకు మిగతా హక్కులు పోవు. డ్యూటీకి పోతూనో వస్తూనో మామూలు దారిలో ప్రమాదం జరిగి చనిపోతే, కార్మిక చట్టం కింద కంపెనీ ఇవ్వాల్సింది వేరే ఉంటుంది. 24 నెలల బేసిక్ జీతం, 18,000 దిర్హాములకు తగ్గకుండా, 2 లక్షలకు మించకుండా. ఎమిగ్రేషన్ క్లియరెన్స్ మీద వచ్చినవాళ్ళకు ప్రవాసీ భారతీయ బీమా యోజన ఉంటుంది. ప్రమాద మరణానికి 10 లక్షల రూపాయలు. పాలసీ గడువు లోపల ఉందో లేదో ఈ రాత్రే చూసుకోండి. ఆ కాయితం పెట్టె అడుగున కాదు, ఇంట్లోవాళ్ళ ఫోన్‌లో ఉండాలి.

*మన ఊర్లో కూడా అంతే*

కొందరు అంటరు, "మన ఊర్లో అయితే పెద్దమనుషుల్లో కూర్చుని తేల్చుకుంటే అయిపోయేది" అని. అక్కడ కూడా అయిపోదు. యాక్సిడెంట్ పరిహారం మోటారు ప్రమాదాల ట్రిబ్యునల్‌లో తేలుతుంది, లోక్ అదాలత్‌లో రాజీ చేసుకోవచ్చు. కాని నిర్లక్ష్యంతో మనిషి చావుకు కారణమైన కేసు రాజీ కుదిరే నేరాల లిస్టులో లేదు. ఇదివరకు ఐపీసీ 304ఏ, రెండేళ్ళ దాకా జైలు. 2024 జులై 1 నుంచి భారతీయ న్యాయ సంహిత 106, ఐదేళ్ళ దాకా జైలు. పెద్దమనుషుల పంచాయితీలో రాసుకున్న కాయితం చూసి కింది కోర్టు ఆ కేసు కొట్టేయదు. కేసు రద్దు చేసే ప్రత్యేక అధికారం హైకోర్టుకు ఉంది, కాని చావు కేసుల్లో దాన్ని అంత తేలిగ్గా వాడదు. లారీ నడిపిన పాతవాళ్ళు ఇక్కడ ఉన్నారు, వాళ్ళను అడగండి.

*మీటింగ్‌లో అడిగిన ప్రశ్నలు*

"ఇప్పటికే సంతకం పెట్టేశాం అన్నా, ఇక అంతేనా?" అని ఒక తమ్ముడు అడిగాడు. అంతే అని నువ్వే తీర్పు చెప్పుకోకు. ఆ కాయితం కాపీ సంపాదించు. అందులో ఏం వదులుకున్నావో చదివించు. చాలామంది క్రిమినల్ వరకే సంతకం పెట్టి, పరిహారం కూడా పోయిందనుకుని ఊరుకుంటారు. కాపీ పట్టుకుని వకీలు దగ్గరికి పో. తొందరగా పో, ఇట్లాంటి హక్కులకు గడువులు ఉంటాయి.

"ఇన్సూరెన్స్ వాళ్ళు తక్కువ ఇస్తామంటే?" ఒప్పుకోవాలని ఏమీ లేదు. ఇన్సూరెన్స్ తగాదాలకు సనదక్ అనే సంస్థ ఉంది. ముందు అక్కడ ఫిర్యాదు, అక్కడ తేలకపోతే కోర్టు. వకీలు ఫీజు ఎంతో ముందే రాతలో పెట్టుకోండి. దవాఖాన వరండాలో విజిటింగ్ కార్డులు పంచే ఏజెంట్లకు దూరంగా ఉండండి.

"రోడ్డు దాటుతుంటే గుద్దినా డ్రైవర్ తప్పేనా?" ఎప్పుడూ కాదు. జీబ్రా లేని చోట, వంతెన లేని చోట దాటితే నీ మీద కూడా కేసు అవుతుంది. తప్పు ఇద్దరిదీ అని తేలితే పరిహారం కూడా ఆ మేరకు కోసేస్తారు. 80, ఆపైన స్పీడు ఉన్న రోడ్డును దాటరాని చోట దాటితే కొత్త చట్టంలో మూడు నెలలకు తగ్గకుండా జైలు, 10,000 దిర్హాములకు తగ్గకుండా జరిమానా, రెండూ గాని ఒకటి గాని. వంతెన దాకా పది నిమిషాలు నడవండి. అవతల బకాలా మూసేస్తాడని ఉరకొద్దు.

"ఉచితంగా ఎవరిని అడగాలి?" దుబాయ్‌లో మన కాన్సులేట్ ప్రవాసీ భారతీయ సహాయతా కేంద్రం ఉంది. ఫోన్ 800 46342. పైసా ఖర్చు లేదు. వకీలు సలహా కూడా ఏర్పాటు చేస్తారు. నంబరు ఇప్పుడే ఫోన్‌లో ఎక్కించుకోండి, నేను చూస్తుండగానే.

ఇంతే చెప్పేది. దవాఖానలో ఉన్న తమ్ముడి కోసం అడిగిన అన్న రేపు సాయంత్రం డ్యూటీ దిగాక నాతో రావాలి. ఆ కాయితం ఇద్దరం కలిసి చదివిద్దాం. అప్పటిదాకా పెన్ను ముట్టొద్దని తమ్ముడికి ఇప్పుడే ఫోన్ చేసి చెప్పండి. మిగతావాళ్ళు ఈ మెసేజ్‌ను ఇంటికి పంపి, చదివారా లేదా అని ఒకసారి అడగండి. కూరలు మాడుతున్నాయేమో, పోయి చూసుకోండి. నమస్కారం.